కుర్చీలో గిరగిరా: చేతులు ముడిస్తే వేగం ఎందుకు పెరుగుతుందో మీ ఒంటితోనే కొలిచి చూడండి

ఒప్పులకుప్ప తిరిగినవాళ్లెవరికైనా ఈ సంగతి ఒంటికి తెలుసు. ఇద్దరు ఎదురెదురుగా నిలబడి, చేతులు అడ్డంగా మార్చి పట్టుకుని, నాలుగు పాదాలూ ఒకచోట చేర్చి, వెనక్కి వాలి తిరుగుతారు. చేతులు లాగేస్తుంటాయి, జడలు గాల్లోకి లేస్తాయి. అలా తిరుగుతూనే మోచేతులు కాస్త ముడిచి ఒకరికొకరు దగ్గరకు జరిగితే ఆట ఒక్కసారిగా జోరందుకుంటుంది. మళ్లీ చేతులు చాచి వాలితే నెమ్మదిస్తుంది.

పదేళ్ల వయసులో ఇలా ఆడుతూ తెలుసుకున్నదాన్నే ఇంటర్ మొదటి సంవత్సరంలో కోణీయ ద్రవ్యవేగ నిత్యత్వ నియమం అనే పేరుతో బట్టీ పట్టాం. ఉదాహరణగా మంచు మీద స్కేటింగ్ చేసే అమ్మాయిని, బ్యాలే నర్తకిని రాశాం. ఆ రెండూ మా క్లాసులో ఎవరూ చూసింది లేదు. ఒప్పులకుప్ప మాట మాత్రం ఆ పాఠంలో ఎవరూ ఎత్తలేదు. నాకు ఆ బాధ ఇప్పటికీ ఉంది. అందుకే ఈ పాఠాన్ని మీ ఇంటి హాల్లోనే, మీ ఒంటితోనే, లెక్కతో సహా చేసి చూసుకునే దారి చెబుతున్నాను. ఒక ఆదివారం ఉదయం సరిపోతుంది. ఇంట్లో ఎనిమిదో తరగతి దాటిన పిల్లలుంటే వాళ్లను పక్కన కూర్చోబెట్టుకోండి.

కావలసినవి

గుండ్రంగా తిరిగే ఆఫీసు కుర్చీ ఒకటి. లీటరు నీళ్ల బాటిళ్లు రెండు, మూత గట్టిగా బిగించినవి, నిండుగా ఉన్నవి. లీటరు నీళ్లు కిలో బరువు కాబట్టి లెక్కకు సుఖం. చిన్న గుడ్డ సంచులు రెండు, ఒక్కోదాంట్లో అరకిలో బియ్యమో ఇసుకో పోసి మూతి కట్టినవి. ఇవి తర్వాత ఒక ప్రయోగానికి కావాలి. ఒక స్మార్ట్‌ఫోను. నేల మీద గుర్తు పెట్టడానికి సుద్దముక్క లేదా టేపు. అన్నిటికన్నా ముఖ్యంగా, తోడుగా ఒక మనిషి. ఒక్కరే ఉన్నప్పుడు చేయకండి.

కుర్చీ విషయంలో కాస్త ఓపిక పట్టండి, సగం పని అక్కడే ఉంది. ముందు ఖాళీ కుర్చీని చేత్తో ఒక్కసారి తిప్పి వదలండి. ఆగకుండా నాలుగైదు చుట్లు తిరిగితే మంచి కుర్చీ. ఒకటిన్నర చుట్టుకే కిర్రుమని ఆగిపోతే, కిందున్న ఇనుప కడ్డీ దగ్గర దుమ్ము తుడిచి, కుట్టుమిషన్‌కు వేసే నూనె రెండు చుక్కలు వేయండి. తర్వాత చక్రాల సంగతి. కుర్చీ తిరుగుతూ తిరుగుతూ పక్కకు జారిపోతే మీ లెక్కంతా పాడవుతుంది, పైగా ప్రమాదం. నేను మొదటిసారి చేసినప్పుడు నున్నటి టైల్స్ మీద కుర్చీ జారిపోయి, బాటిల్ పట్టుకున్న చెయ్యి బీరువాకు తగిలింది. వారం రోజులు మణికట్టు వాపు తగ్గలేదు. చక్రాలు ఊడదీయగలిగితే ఊడదీయండి. చాలా కుర్చీలకు గట్టిగా లాగితే వచ్చేస్తాయి. లేకపోతే మందపాటి డోర్‌మ్యాట్ మీద పెట్టండి, చక్రాలు అందులో దిగబడి కదలవు.

మీరు చేతులు చాచినప్పుడు వేళ్ల చివర నుంచి ఇంకో రెండడుగుల వరకు చుట్టూ ఏమీ ఉండకూడదు. టీవీ, గాజు టీపాయ్, ముఖ్యంగా చిన్నపిల్లలు. బాటిల్ తిరిగే ఎత్తు సరిగ్గా మూడేళ్ల పిల్లల తల ఎత్తు.

ఎవరు చేయకూడదు

కళ్లు తిరిగే జబ్బు ఉన్నవాళ్లు, మెడనొప్పి ఉన్నవాళ్లు, గుండెజబ్బు లేదా బీపీ మందులు వాడేవాళ్లు, గర్భిణులు కుర్చీ ఎక్కొద్దు. పక్కన నిలబడి లెక్కపెట్టండి, అదీ అంతే ముఖ్యమైన పని. మిగతావాళ్లు కూడా తిన్న వెంటనే చేయకండి. ఒకసారి తిరిగాక కనీసం ఐదు నిమిషాలు ఆగండి.

కళ్లు తిరగడం ఎందుకంటే, మన లోపలి చెవిలో సన్నటి అర్ధవలయాకారపు గొట్టాలున్నాయి, వాటిలో ద్రవం ఉంటుంది. మనం ఆగినా ఆ ద్రవం వెంటనే ఆగదు. అందుకే కుర్చీ ఆగాక గది మొత్తం వెనక్కి తిరుగుతున్నట్టు అనిపిస్తుంది. కుర్చీ ఆగాక లేవకండి. రెండు పాదాలూ నేల మీద ఆనించి, గోడ మీద ఒక బొమ్మనో గడియారాన్నో చూస్తూ అర నిమిషం కూర్చోండి. కూచిపూడి, కథక్ నేర్చుకునేవాళ్లకు గురువులు చెప్పే చిట్కా ఒకటుంది: తిరిగేటప్పుడు ఎదురుగా ఒక చోటు చూపు నిలిపి, ఒళ్లు ముందు తిరిగి, తల చివర్లో చటుక్కున తిరగాలి. కుర్చీలో ఇది అంత తేలిక కాదు గానీ, ఆగాక చూపు నిలపడం మాత్రం బాగా పనిచేస్తుంది.

మొదటి ప్రయోగం: ఏమీ మార్చకుండా

చాలామంది ఇక్కడే తొందరపడతారు. కూర్చోగానే చేతులు ముడిచి "చూశావా, వేగం పెరిగింది" అంటారు. పెరిగిందని అనిపించడం వేరు, పెరిగిందని తెలియడం వేరు. ముందు ఏమీ మార్చకపోతే కుర్చీ తనంతట తాను ఎలా నెమ్మదిస్తుందో తెలియాలి.

కుర్చీ నడిమధ్యలో, వీపు ఆనించి, నిటారుగా కూర్చోండి. పాదాలు నేలకు తగలకుండా ఎత్తి, మడమలు సీటు కిందికి మడిచి పెట్టండి. రెండు చేతుల్లో రెండు బాటిళ్లు పట్టుకుని, చేతులు పక్కలకు భుజాల ఎత్తులో చాచండి. మీ మోకాళ్లకు ఎదురుగా నేల మీద ఒక టేపు ముక్క అంటించమనండి. అదే మన గుర్తు. ఇప్పుడు తోడున్న మనిషి కుర్చీ వీపు పట్టుకుని నెమ్మదిగా తిప్పి, పూర్తిగా వదిలి, వెనక్కి తప్పుకోవాలి. రెండు సెకన్లకు ఒక చుట్టు, అంతకు మించిన వేగం వద్దు.

చేతులు అలాగే చాచి ఉంచండి. మోకాళ్లు టేపు దాటిన ప్రతిసారీ వాళ్లు "ఒకటి, రెండు, మూడు" అని పైకి లెక్కపెట్టాలి. ఒక్కో చుట్టుకు ఎంత సమయం పట్టిందో రాసుకోవాలి. ప్రతి చుట్టూ అంతకుముందు దానికన్నా కాస్త నెమ్మదిగా ఉంటుంది. అది కుర్చీ ఒరిపిడి, కొంచెం గాలి. ఈ తగ్గుదల ఎంతో తెలిసింది కదా, ఇక అసలు పని.

రెండో ప్రయోగం: ముడిచి, మళ్లీ చాచి

అదే మనిషి, అదే జోరుతో తిప్పి వదలాలి. మొదటి చుట్టంతా చేతులు చాచే ఉంచండి. రెండో చుట్టు మొదలవగానే బాటిళ్లు రెండింటినీ ఒకేసారి, సమంగా, ఛాతీకి దగ్గరగా లాక్కోండి. ఒక చెయ్యి ముందు, ఒక చెయ్యి వెనక లాగితే కుర్చీ ఒక పక్కకు ఒరుగుతుంది. మూడో చుట్టు, నాలుగో చుట్టు అలాగే ముడిచి ఉంచండి. ఐదో చుట్టు మొదట్లో మళ్లీ చేతులు చాచండి. ఆరో చుట్టు అలాగే ఉంచి, తర్వాత పాదాలు నెమ్మదిగా నేలకు ఆనించి ఆపండి.

రెండో చుట్టును, ఐదో చుట్టును లెక్కలోంచి తీసేయండి, చేతులు కదులుతున్న చుట్లు అవి. మొదటి చుట్టుకు పట్టిన సమయం, మూడో చుట్టుకు పట్టిన సమయం, ఆరో చుట్టుకు పట్టిన సమయం, ఈ మూడే మనకు కావాలి.

మూడోది మొదటి దానికన్నా బాగా తక్కువ ఉంటుంది. అది ఎదురుచూసిందే. నాకు అన్నిటికన్నా ఇష్టమైనది ఆరో చుట్టు. చేతులు చాచగానే కుర్చీ దాదాపు పాత వేగానికి వచ్చేస్తుంది, ఒరిపిడి తిన్నంత తప్ప. మీరు తెలియకుండా కాలితోనో నడుముతోనో తోసి వేగం పెంచుకుని ఉంటే, చేతులు చాచగానే అది ఇలా పాత చోటికే తిరిగి వచ్చేది కాదు.

కొలవడం ఎలా

స్టాప్‌వాచ్‌తో వేలు నొక్కడంలోనే పావు సెకను తేడా వచ్చేస్తుంది. అందుకని వీడియో తీయండి. ఫోను వీడియో మామూలుగా సెకనుకు 30 ఫ్రేములు. తర్వాత ఒక్కో ఫ్రేము జరుపుతూ, మోకాళ్లు టేపు దాటిన చోట నుంచి మళ్లీ దాటే చోటుదాకా ఎన్ని ఫ్రేములో లెక్కపెట్టండి. మొదటి చుట్టు 60 ఫ్రేములు అనుకుందాం, అంటే 2 సెకన్లు. మూడో చుట్టు 36 ఫ్రేములు అనుకుందాం, అంటే 1.2 సెకన్లు. 60ని 36తో భాగిస్తే 1.67. వేగం అన్ని రెట్లు అయిందన్నమాట.

ఇంకా మెరుగైన దారి ఫోనులోని గైరోస్కోపు, అంటే తిరిగే వేగాన్ని కొలిచే భాగం. జర్మనీలోని ఆహెన్ సాంకేతిక విశ్వవిద్యాలయం వాళ్లు తయారుచేసిన ఫైఫాక్స్ అనే ఉచిత యాప్ ఉంది. అందులో గైరోస్కోప్ తెరిచి, ఫోనును ఒళ్లో పెట్టుకుని గట్టిగా నొక్కిపట్టడమో, బెల్టులో దోపుకోవడమో చేయండి. ఒంట్లో ఎక్కడ పెట్టినా ఒకటే అంకె వస్తుంది. కుర్చీతో కలిసి తిరిగే ప్రతి వస్తువుకూ సెకనుకు ఎన్ని చుట్లో అన్నది ఒకటే కదా. తెర మీద వచ్చే అంకె సెకనుకు రేడియన్లలో ఉంటుంది, దాన్ని 6.28తో భాగిస్తే సెకనుకు చుట్లు. గ్రాఫులో చేతులు ముడిచినచోట గీత మెట్టులా లేస్తుంది, చాచినచోట మెట్టులా దిగుతుంది. మొదటిసారి ఆ మెట్టు చూసినప్పుడు పిల్లల ముఖాలు చూడండి. తక్కువ ధర ఫోన్లు కొన్నింటిలో గైరోస్కోపు ఉండదు. అప్పుడు వీడియోనే దిక్కు, అదీ బాగానే పనిచేస్తుంది.

లెక్క ఎక్కడ తేలుతుంది

ఒళ్లు తిరిగేటప్పుడు ప్రతి భాగం బరువుకు ఎంత విలువ ఉందో, అది తిరిగే అక్షానికి ఎంత దూరంలో ఉందన్నదానికి అంతకన్నా ఎక్కువ విలువ ఉంది. దూరాన్ని దూరంతోనే గుణించి, బరువుతో గుణించాలి. పుస్తకం దీన్ని జడత్వ భ్రామకం అంటుంది. కిలో బాటిల్‌ను అక్షం నుంచి 80 సెంటీమీటర్ల దూరంలో పట్టుకుంటే 1 × 0.8 × 0.8 = 0.64. అదే బాటిల్‌ను 20 సెంటీమీటర్లకు లాక్కుంటే 1 × 0.2 × 0.2 = 0.04. దూరం నాలుగో వంతు అయితే విలువ పదహారో వంతు అయింది. బాటిల్ బరువు ఒక్క గ్రాము కూడా తగ్గలేదు.

ఈ జడత్వ భ్రామకాన్ని తిరిగే వేగంతో గుణిస్తే వచ్చేదే కోణీయ ద్రవ్యవేగం. మాటల్లో చెప్పాలంటే, మీలోనూ కుర్చీలోనూ కలిపి ఉన్న మొత్తం తిరుగుడు. బయటి నుంచి ఎవరూ తిప్పకుండా, ఆపకుండా ఉన్నంతసేపు ఆ గుణకారం విలువ మారదు. ఒకటి తగ్గితే రెండోది పెరగాలి.

మరి పదహారు రెట్ల వేగం ఎందుకు రాలేదు? ఎందుకంటే తిరిగేది బాటిళ్లు మాత్రమే కాదు. మీ మొండెం, తల, తొడలు, కుర్చీ సీటు, వీపు, ఇవన్నీ ఎక్కడివక్కడే ఉన్నాయి. వాటి వాటా మారలేదు. మారింది చేతులు, బాటిళ్లు మాత్రమే. మామూలు కుర్చీలో, లీటరు బాటిళ్లతో, ఒకటిన్నర నుంచి రెండు రెట్ల మధ్య వస్తే మీ ప్రయోగం బాగా కుదిరినట్టే.

అంతకన్నా బాగా తక్కువ వస్తే ఈ చోట్ల వెతకండి: కుర్చీలో ముందుకు జరిగి కూర్చున్నారా? అప్పుడు అక్షం మీ వెన్ను వెనక పడుతుంది, బాటిళ్లు ఛాతీకి ఆనించినా అక్షానికి దూరంగానే ఉంటాయి. కాళ్లు ముందుకు చాచి ఉన్నాయా? మన ఒంట్లో కాళ్లు చాలా బరువైన భాగం, అవి ముందుకు ఉంటే వాటి వాటా పెద్దది, దాని పక్కన చేతుల మార్పు చిన్నదైపోతుంది. కుర్చీ పాతకాలపు ఇనుప కుర్చీనా? అప్పుడు కుర్చీ వాటాయే ఎక్కువ.

చేతికి తెలిసేది

ఇప్పుడు కళ్లతో కాకుండా చేతులతో గమనించండి. ఆగి ఉన్న కుర్చీలో బాటిళ్లు లోపలికి లాక్కోవడం ఎంత తేలికో చూడండి. తర్వాత తిరుగుతూ లాక్కోండి. ఎవరో బయటి నుంచి బాటిల్ పట్టుకుని లాగుతున్నట్టు ఉంటుంది. రెండు సెకన్లకు ఒక చుట్టు వేగంలో, 80 సెంటీమీటర్ల దూరంలో ఉన్న కిలో బాటిల్‌ను గుండ్రంగా తిరిగేలా పట్టి ఉంచడానికి దాదాపు 800 గ్రాముల బరువు మోసినంత బలం పెట్టాలి. సెకనుకు ఒక చుట్టు వేగమైతే అది మూడు కిలోలు దాటుతుంది, ఎందుకంటే వేగం రెట్టింపైతే లాగుడు నాలుగింతలు. నెమ్మదిగా తిప్పమని మొదట్లో అంతగా చెప్పింది అందుకే. చెమట పట్టిన చేతిలోంచి బాటిల్ జారిందంటే గోడకు వెళ్లి కొడుతుంది.

ఇంకొకటి, చాలామంది గమనించనిది. బాటిల్ లోపలికి వస్తున్నప్పుడు అది మీ అరచేతిని తిరిగే దిశలో పక్కకు తోస్తుంది. పెద్ద చుట్టులో పరుగెత్తుతున్న బాటిల్‌కు చిన్న చుట్టులోకి రాగానే దారి తగ్గింది, పరుగు తగ్గలేదు. అది మీకన్నా ముందుకు పోవాలని చూస్తుంది, మీ చెయ్యి దాన్ని పట్టి ఉంచుతుంది, ఆ తోపుడే మీ భుజం మీదుగా ఒంటిని, కుర్చీని వేగంగా తిప్పుతుంది. చేతులు చాచేటప్పుడు దీనికి తలకిందులు: బాటిల్ వెనకబడుతుంది, మిమ్మల్ని వెనక్కి లాగుతుంది.

మొత్తం తిరుగుడు మారలేదు గానీ శక్తి మాత్రం పెరిగింది. వేగం రెట్టింపైతే తిరిగే శక్తి కూడా రెట్టింపైంది. అది ఎక్కడి నుంచో రాలేదు, మీ కండలే ఇచ్చాయి. బయటికి లాగుతున్న బాటిల్‌ను లోపలికి లాగడానికి పెట్టిన శ్రమే అది. పదిసార్లు చేశాక భుజాలు నొప్పి పుడితే అదే దానికి సాక్ష్యం.

సంచులు వదిలేస్తే?

ఇది చేసే ముందు అందరినీ అడగండి: చేతులు చాచి తిరుగుతూ, బాటిళ్లు లోపలికి లాక్కోకుండా, చేతిలో బరువు అలాగే కింద పడేస్తే వేగం పెరుగుతుందా, తగ్గుతుందా? బరువు తగ్గింది కాబట్టి పెరుగుతుందని ఎక్కువమంది అంటారు. ప్రతివాళ్ల జవాబూ కాగితం మీద రాయించండి, లేకపోతే తర్వాత మాట మారుస్తారు.

బాటిళ్ల బదులు బియ్యం సంచులు తీసుకోండి. చేతులు చాచి తిరుగుతూ, రెండు సంచులనూ ఒకేసారి, విసరకుండా, వేళ్లు తెరిచి వదిలేయండి. చుట్టూ ఎవరూ నిలబడకూడదు. చేతులు మాత్రం అలాగే చాచి ఉంచండి. గ్రాఫు చూడండి.

వేగం మారదు. బరువు దిగిపోయినా కుర్చీ అదే వేగంతో తిరుగుతుంది. సంచి పడిపోతూ తన వాటా తిరుగుడును తనతోనే తీసుకుపోయింది. మీ ఒంటి వాటా మీ దగ్గరే ఉంది. మీ ఆకారం మారలేదు కాబట్టి మీ వేగమూ మారలేదు. మొదట్లో వేగం పెరిగింది బరువు తగ్గినందుకు కాదని, బరువు అక్షానికి దగ్గరగా వచ్చినందుకని ఇంతకన్నా బాగా చెప్పే ప్రయోగం నాకు తెలియదు. ఈ ఒక్కటీ చేయకపోతే మిగతాదంతా సగమే అర్థమవుతుంది.

సంచులు ఎక్కడ పడ్డాయో కూడా చూడండి. వదిలిన చోటుకు నేరుగా బయటివైపు పడవు. చెయ్యి ఏ దిశలో పోతుందో ఆ దిశలో, ముందుకు, మూడున్నర నాలుగడుగులు వెళ్లి పడతాయి.

కుర్చీ లేకపోతే ఉయ్యాల

ఊళ్లో చెట్టుకు కట్టిన తాళ్ల ఉయ్యాల ఉంటే కుర్చీకన్నా బాగుంటుంది. ఒరిపిడి తక్కువ. పలక మీద మధ్యలో కూర్చోండి. తాళ్లు నాలుగైదు మెలికలు పడేదాకా తోడున్నవాళ్లు తిప్పి వదలాలి. మెలికలు విడిపోతున్నంతసేపు తాళ్లే మిమ్మల్ని తిప్పుతుంటాయి కాబట్టి అప్పుడు కొలవకండి. మెలికలన్నీ విడిపోయి తాళ్లు సమంగా నిలిచే క్షణం ఒకటుంది, ఆ క్షణంలో తాళ్లు తిప్పవు, ఆపవు. సరిగ్గా అప్పుడు, ముందుకు చాచి ఉన్న కాళ్లను చటుక్కున సీటు కిందికి మడిచేయండి. తేడా కడుపులో తెలుస్తుంది. చేతులతో తాళ్లు పట్టుకునే ఉండాలి కాబట్టి ఇక్కడ పనంతా కాళ్లదే. కొమ్మ గట్టిదో కాదో, ముడి ఎలా ఉందో ముందే పెద్దవాళ్లు చూడాలి. తాళ్ల మెలిక మెడ ఎత్తుకు రాకుండా సీటుకు బాగా పైనే ఉండాలి.

టీవీలో చూసేటప్పుడు

ఇంత చేశాక ఆటలు చూసే కన్ను మారిపోతుంది. స్కేటర్ తిరుగుడు మొదలుపెట్టేటప్పుడు చేతులు, ఒక కాలు దూరంగా చాచి ఉంటాయి. తర్వాత అన్నీ ఒంటికి అతుక్కుపోతాయి, చీలమండలు కూడా ఒకదాని మీద ఒకటి వస్తాయి. 2015 జనవరిలో పోలండ్‌లోని వార్సాలో స్కేటర్ ఒలీవియా ఆలివర్ నిమిషానికి 342 చుట్ల వేగం అందుకుంది, అంటే సెకనుకు అయిదున్నర చుట్ల పైమాటే. ఆమె కింద ఉన్న మంచుకు ఒరిపిడి దాదాపు లేదు, చుట్టూ తిరిగే ఇనుప కుర్చీ బరువు లేదు. మన కుర్చీకి ఆ రెండు కష్టాలూ ఉన్నాయి. 2022 సెప్టెంబరులో అమెరికా కుర్రాడు ఇలియా మాలినిన్ పోటీలో తొలిసారిగా క్వాడ్ ఆక్సెల్ దిగాడు: గాల్లో నాలుగున్నర చుట్లు, సెకను కూడా నిండని సమయంలో. నేల వదిలాక తిరుగుడు కలుపుకోవడానికి దారి లేదు. కాలు లేచే క్షణంలో ఎంత ఉందో అంతే, దాన్ని ఎంత ఇరుకుగా ముడుచుకుంటాడో అన్నదాని మీదే చుట్లు. దిగేముందు అతని చేతులు విచ్చుకోవడం చూడండి, మన ఐదో చుట్టు అదే.

పిల్లిమొగ్గలోనూ ఇదే సంగతి, అక్షం మాత్రం వేరు. అక్కడ ఒళ్లు తలకిందులుగా నడుము చుట్టూ తిరుగుతుంది. నిటారుగా ఉన్న ఒంటితో పోలిస్తే మోకాళ్లు ఛాతీకి ముడిచిన ఒళ్లు మూడు నాలుగు రెట్లు వేగంగా తిరగగలదు. 2016 రియో ఒలింపిక్స్‌లో త్రిపుర అమ్మాయి, జిమ్నాస్ట్ దీపా కర్మాకర్ చేసిన ప్రొడునోవా వాల్ట్ చూడండి. బల్ల మీద చేతులు ఆనించి లేచాక గాల్లో ముందుకు రెండు మొగ్గలు, అంత తక్కువ ఎత్తులో. బంతిలా ముడుచుకోకపోతే రెండోది పూర్తయ్యే అవకాశమే లేదు. ఆమె నాలుగో స్థానంలో నిలిచింది. హైదరాబాద్ అమ్మాయి అరుణారెడ్డి 2018లో మెల్‌బోర్న్ ప్రపంచ కప్‌లో కాంస్యం గెలిచింది కూడా వాల్ట్‌లోనే. ఆ వీడియోలు నెమ్మదిగా నడిపి, ఒళ్లు ఎప్పుడు ముడుచుకుంటుందో, ఎప్పుడు విచ్చుకుంటుందో చూడండి. వేసవిలో బావుల్లోకి మొగ్గలేస్తూ దూకే కుర్రాళ్లు కూడా అదే చేస్తారు: గాల్లో ముడుచుకుని, నీళ్లకు ముందు నిటారుగా విచ్చుకుంటారు. చూడడం వరకే. నేర్పేవాళ్లు లేకుండా మొగ్గలు ప్రయత్నించకండి, మెడ విరిగితే ప్రాణానికే ప్రమాదం.

చివరగా, పిల్లిలా తిరగడం

దీనికి ఎవరూ తోయక్కర్లేదు, కళ్లూ తిరగవు. కుర్చీని పూర్తిగా ఆపి, పాదాలు ఎత్తి కూర్చోండి. మొత్తం తిరుగుడు ఇప్పుడు సున్నా. నేల తాకకుండా, దేన్నీ పట్టుకోకుండా వెనక్కి తిరిగి కూర్చోవాలి. అదే పందెం.

బాటిళ్లు రెండూ కుడివైపు చాచండి. చాచిన చేతులతోనే వాటిని ముందు నుంచి ఎడమవైపుకు తిప్పండి. కుర్చీ కుడికి తిరుగుతుంది. ఇప్పుడు బాటిళ్లను ఛాతీకి లాక్కుని, ఒంటికి ఆనించే ఉంచి కుడివైపుకు తీసుకురండి. కుర్చీ ఎడమకు తిరుగుతుంది గానీ కొంచెమే, ఎందుకంటే బాటిళ్లు దగ్గరగా ఉన్నాయి. అక్కడ మళ్లీ చాచి, మళ్లీ ఎడమకు. ఒక్కో విడతకు కాస్త కాస్త లాభం మిగులుతుంది. కొన్ని విడతల్లో గోడ వైపు తిరిగిపోతారు. రెండు వైపులా ఒకే వేగంతో కదపండి. ఒకవైపు విసురుగా, ఇంకోవైపు మెల్లగా కదిపితే కుర్చీ ఒరిపిడి మిమ్మల్ని తిప్పుతుంది, మీ ఆకారం కాదు.

తలకిందులుగా జారిన పిల్లి కాళ్ల మీద పడేది ఈ దారిలోనే. 1894లో ఫ్రాన్స్‌లో శాస్త్రవేత్త ఎత్యెన్-జూల్ మారే పడుతున్న పిల్లిని వరుస ఫొటోలు తీసేదాకా, పిల్లి జారే ముందు తనను పట్టుకున్న మనిషి చేతులను తన్ని తిరుగుడు సంపాదించుకుంటుందని చాలామంది అనుకునేవారు. ఫొటోల్లో అలాంటిదేమీ లేదు. పిల్లి నడుము దగ్గర వంగి, ముందు కాళ్లు ముడిచి వెనక కాళ్లు చాచుతుంది. ముడుచుకున్న ముందు సగం చాలా తిరుగుతుంది, చాచిన వెనక సగం ఎదురు దిశలో కొంచెమే తిరుగుతుంది. తర్వాత ముందు కాళ్లు చాచి, వెనక కాళ్లు ముడిచి, వెనక సగాన్ని తెచ్చుకుంటుంది.

మీకు గోడ వైపు తిరగడానికి ఎన్ని విడతలు పట్టిందో రాసుకోండి. తర్వాత బాటిళ్లు పక్కన పెట్టి ఉత్త చేతులతో చేయండి. విడతలు ఎక్కువ పడతాయి, కానీ తిరుగుతారు. కుర్చీ ఎక్కొద్దని మొదట్లో పక్కన నిలబెట్టిన తాతయ్యను కూడా ఈ ఒక్కదానికి కూర్చోబెట్టవచ్చు, కుర్చీని పట్టుకోకుండా పక్కనే ఒకరు నిలబడి చూసుకుంటే చాలు.